జిల్లెట్ కప్ మిగిల్చిన ఐదోవంతు

వన్డే క్రికెట్ ఎప్పుడు పుట్టిందని అడిగితే చాలామంది 1971 జనవరి 5 అంటారు. మెల్‌బోర్న్‌లో వర్షం ఒక టెస్టును పూర్తిగా మింగేస్తే, ప్రేక్షకుల కోసం ఇంగ్లండ్, ఆస్ట్రేలియా ఆడిన ఒక్కరోజు మ్యాచ్ అది. ఇంకాస్త వెనక్కి చదివినవాళ్లు 1963లో ఇంగ్లిష్ కౌంటీల మధ్య మొదలైన జిల్లెట్ కప్ దగ్గర ఆగుతారు. ఆ కప్ గురించి స్థిరపడిపోయిన అభిప్రాయం ఒకటుంది. జనం రాక ఖజానా ఖాళీ అయిన కౌంటీలు, తన పేరు నలుగురి నోళ్లలో నానాలనుకున్న ఒక రేజర్ బ్లేడ్ల కంపెనీ చేతులు కలిపి ఆటను కుదించి అమ్మకానికి పెట్టాయని. ఇందులో అబద్ధమేమీ లేదు. అయితే డబ్బు అవసరం ఒక పోటీ ఎందుకు మొదలైందో చెప్పగలదు గాని, ఎందుకు నిలబడిందో, అరవై ఏళ్ల తర్వాత కూడా ఆట లోపల ఏమి మిగిల్చిందో చెప్పలేదు. ఆనాటి అరవై అయిదు ఓవర్లు పోయాయి. జిల్లెట్ పేరు 1980తో పోయింది. ఆ టోర్నీయే తర్వాత ఎన్నో పేర్లు మార్చుకుంది. పోకుండా నిలిచింది ఒక చిన్న నిబంధన: ఏ బౌలరైనా ఇన్ని ఓవర్లకు మించి వేయకూడదన్నది. 1963 నుంచి 1966 లోపు ఆ పరిమితి రెండు మెట్లు దిగి, జట్టు వేసే ఓవర్లలో సరిగ్గా ఐదోవంతు దగ్గర ఆగింది. జిల్లెట్ కప్‌ను అంచనా వేయాలంటే ఆ ఐదోవంతు నుంచే మొదలుపెట్టాలన్నది నా వాదన.

ముందు పరిస్థితి ఏమిటో చూద్దాం. రెండో ప్రపంచయుద్ధం ముగిశాక ఇంగ్లండ్‌లో క్రికెట్‌కు జనం పోటెత్తారు. 1947లో కౌంటీ ఛాంపియన్‌షిప్ మ్యాచ్‌లకు వచ్చినవారు ఇరవై లక్షలు దాటారు. 1963 నాటికి ఆ సంఖ్య ఏడు లక్షల చిల్లరకు పడిపోయింది. మూడు రోజుల మ్యాచ్, అందులో ఎన్నో డ్రాలు, జాగ్రత్త కోసమే జాగ్రత్తపడే బ్యాటింగ్, ఉద్యోగస్తులు రాలేని పనిదినాలు. జబ్బు ఏమిటో అందరికీ తెలుసు. హ్యారీ ఆల్తమ్ అధ్యక్షతన వేసిన కమిటీ 1957లోనే నాకౌట్ పోటీ పెట్టమని సూచించింది. కౌంటీలు అప్పుడు ముందుకు రాలేదు. లీసెస్టర్‌షైర్ కార్యదర్శి మైక్ టర్నర్ 1962 మే నెలలో తన ఇరుగుపొరుగు కౌంటీలను కూడగట్టి ఒక చిన్న ప్రయోగం చేశాడు. డెర్బీషైర్, నాటింగ్‌హామ్‌షైర్, నార్తాంప్టన్‌షైర్, లీసెస్టర్‌షైర్, ఈ నాలుగింటి మధ్య మిడ్‌లాండ్స్ నాకౌట్ కప్. జట్టుకు 65 ఓవర్లు, బౌలర్‌కు 15. నార్తాంప్టన్‌షైర్ గెలిచింది. అదే ఏడాది చివర్లో ఇంగ్లిష్ క్రికెట్ అమెచ్యూర్లు, ప్రొఫెషనల్స్ అన్న శతాబ్దాల నాటి తేడాను చెరిపేసుకుంది. పాత కట్టుబాట్లు ఒక్కొక్కటిగా సడలుతున్న ఆ కాలంలో, మరుసటి వేసవికి పదిహేడు కౌంటీలూ నాకౌట్ పోటీకి దిగాయి. వర్షం వల్ల నష్టం రాకుండా జిల్లెట్ కంపెనీ 6,500 పౌండ్ల హామీ ఇచ్చింది. టర్నర్ పెట్టిన 65, 15 అంకెలే ఇక్కడా కొనసాగాయి.

పదిహేడు జట్లు కావడంతో ముందుగా ఒక జట్టును తగ్గించాలి. అందుకని 1962 పట్టికలో అట్టడుగున ఉన్న లాంకషైర్, లీసెస్టర్‌షైర్ 1963 మే 1న ఓల్డ్ ట్రాఫర్డ్‌లో తలపడ్డాయి. ఈ ఒక్కరోజు పోటీలో తొలి మ్యాచే వాన వల్ల రెండో రోజుకు సాగింది. లాంకషైర్ 9 వికెట్లకు 304 పరుగులు చేసింది. అందులో పీటర్ మార్నర్‌వి 121, ఈ పోటీలో తొలి సెంచరీ. లీసెస్టర్‌షైర్ తరఫున మారిస్ హాలమ్ 106 కొట్టినా జట్టు 203కే ఆగిపోయింది. గొప్ప ఫాస్ట్ బౌలర్ బ్రయన్ స్టాథమ్ 28 పరుగులకు 5 వికెట్లు తీశాడు. అయినా మ్యాన్ ఆఫ్ ద మ్యాచ్ మార్నర్‌కే దక్కింది, ఎందుకంటే అతడు సెంచరీతోపాటు 3 వికెట్లు కూడా తీశాడు. ఆ పురస్కారాన్ని తేల్చింది పాత తరపు మహా ఆల్‌రౌండర్ ఫ్రాంక్ వూలీ. ఒక్క మ్యాచ్‌ను పట్టుకుని సిద్ధాంతం కట్టడం తగదు. అయినా ఈ రకం ఆటలో రెండు పనులు చేయగలవాడి విలువ ఎంతో తొలి రోజు స్కోరుకార్డులోనే కనిపిస్తోంది.

ఎందుకలా అన్నది లెక్క వేస్తే తెలుస్తుంది. పరిమితే లేకపోతే కెప్టెన్ చేసే పని ఊహించడం కష్టం కాదు. తన దగ్గరున్న ఇద్దరు మేటి బౌలర్లతో రెండు వైపుల నుంచి వీలైనంతసేపు వేయిస్తాడు, మిగతా తొమ్మిది మందినీ బ్యాటింగ్ కోసం ఎంచుకుంటాడు. 15 ఓవర్ల పరిమితి ఆ దారి మూసేసింది. కానీ పూర్తిగా కాదు. నలుగురు బౌలర్లు తలా 15 వేస్తే 60 అవుతాయి. ఐదోవాడి మీద పడేది 5 ఓవర్లే. ఆ 5 ఓవర్లను ఎక్కడో ఒకచోట దాచేయవచ్చు. రోజుకు 130 ఓవర్లు మరీ ఎక్కువని తేలడంతో 1964లో ఇన్నింగ్స్‌ను 60 ఓవర్లకు, బౌలర్ వాటాను 13కు తగ్గించారు. ఇప్పుడు నలుగురు కలిసి 52 వేస్తారు, ఐదోవాడు 8 వేయాలి. 1966లో బౌలర్ వాటా 12 అయింది. నలుగురికి 48, ఐదోవాడికి 12. అంటే 5 నుంచి 8కి, 8 నుంచి 12కు. మూడేళ్లలో ఐదో బౌలర్ బాధ్యత రెట్టింపును దాటి, మిగతా నలుగురితో సమానమైంది. దాచుకోవడానికి ఇక చోటు లేదు. ఐదుగురు బౌలర్లతో దిగి బ్యాటింగ్‌ను బలహీనపరచుకోవాలా, నలుగురితో దిగి పన్నెండు ఓవర్లు అరకొర బౌలర్ల చేతిలో పెట్టాలా అన్న చిక్కుముడి ప్రతి కెప్టెన్ ముందూ నిలిచింది. ఆ చిక్కుముడికి జవాబే ఆల్‌రౌండర్. పరిమిత ఓవర్ల ఆట ఆసక్తిగా ఉండటానికి సగం కారణం ఈ ముడేనని నేను అనుకుంటాను. ప్రత్యర్థి జట్టులో నాణ్యత తక్కువైన ఓవర్లు ఎప్పుడు వస్తాయా అని బ్యాట్స్‌మన్ కాచుకోవడం, వాటిని ఎప్పుడు, ఎవరి మీద ఖర్చుచేయాలా అని కెప్టెన్ తల బద్దలు కొట్టుకోవడం టెస్టు క్రికెట్‌లో లేని నాటకం.

ఈ నాటకాన్ని అందరికన్నా ముందు చదివినవాడు ససెక్స్ కెప్టెన్ టెడ్ డెక్స్‌టర్. టన్‌బ్రిడ్జ్ వెల్స్‌లో కెంట్‌తో జరిగిన తొలి రౌండ్ మ్యాచ్‌లో కెన్ సటిల్ సెంచరీతో ససెక్స్ 314 పరుగులు చేసింది. కెంట్ ఇన్నింగ్స్‌లో పీటర్ రిచర్డ్‌సన్ 127 కొట్టాడు. డెక్స్‌టర్ అతన్ని ఔట్ చేయాలని తహతహలాడలేదు. ఫీల్డర్లను దూరంగా పరిచి, సింగిల్స్ ఇచ్చి, బౌండరీలు ఆపాడు. కెంట్ 242 దగ్గర ఆగింది. మూడు రోజుల క్రికెట్‌కు అలవాటుపడిన కళ్లకు ఇది పిరికితనంలా కనబడింది. నిజానికి అది కొత్త నిబంధనలను సూటిగా అర్థం చేసుకోవడం. మూడు రోజుల మ్యాచ్ గెలవాలంటే ప్రత్యర్థిని రెండుసార్లు పడగొట్టాలి, ఇరవై వికెట్లు కావాలి. ఇక్కడ ఒక్క వికెట్ కూడా పడకపోయినా మ్యాచ్ గెలవవచ్చు. బంతులు అయిపోతే చాలు. వికెట్ ఒక సాధనంగా మారిపోయి, పరుగు ఆపడమే లక్ష్యమైంది. ఈ సంగతి మిగతా కౌంటీలకు తెలిసేసరికి ససెక్స్ ఫైనల్ చేరింది. దారిలో హోవ్ మైదానంలో ఆ ఏటి ఛాంపియన్ యార్క్‌షైర్‌ను 22 పరుగుల తేడాతో ఓడించింది. సెమీఫైనల్లో నార్తాంప్టన్‌షైర్‌పై డెక్స్‌టర్ తానే సెంచరీ కొట్టాడు. అవతలి సెమీఫైనల్లో వూస్టర్‌షైర్ బౌలర్ జాక్ ఫ్లావెల్ 14 పరుగులకే 6 వికెట్లు తీసి లాంకషైర్‌ను 59కి కుప్పకూల్చాడు.

సెప్టెంబర్ 7న లార్డ్స్‌లో ఫైనల్. దాదాపు పాతిక వేల మంది వచ్చారు. కౌంటీ మ్యాచ్‌లలో ఖాళీ బెంచీలకు అలవాటుపడిన ఆటగాళ్లకు అది మరో లోకం. ససెక్స్ 60.2 ఓవర్లలో 168కి ఆలౌట్. జిమ్ పార్క్స్ 57 చేశాడు. వూస్టర్‌షైర్ ఎడమచేతి స్పిన్నర్ నార్మన్ గిఫర్డ్ 15 ఓవర్లలో 33 పరుగులిచ్చి 4 వికెట్లు తీశాడు. ఆ తర్వాత డెక్స్‌టర్ ఆరుగురితో బౌలింగ్ చేయించాడు. కోటా పూర్తి చేసింది ఒక్క టోనీ బస్. మిగతావాళ్లను అవసరాన్ని బట్టి ముక్కలు ముక్కలుగా వాడుకున్నాడు. ఆఫ్‌స్పిన్నర్ అలన్ ఓక్‌మన్ 13 ఓవర్లలో 17 పరుగులే ఇచ్చాడు. తర్వాత రోజుల్లో ఇంగ్లండ్ ఫాస్ట్ బౌలర్‌గా పేరు తెచ్చుకున్న యువ జాన్ స్నో చివర్లో 3 వికెట్లు తీశాడు. ఆఖరి ఓవర్లకు వచ్చేసరికి ఫీల్డర్లందరూ బౌండరీ గీత దగ్గరే ఉన్నారు. వూస్టర్‌షైర్ 154కి ఆలౌటై 14 పరుగుల తేడాతో ఓడింది. మ్యాన్ ఆఫ్ ద మ్యాచ్ ఓడిన జట్టు స్పిన్నర్ గిఫర్డ్‌కు ఇచ్చారు. 1839లో స్థాపించిన, కౌంటీ క్లబ్బులన్నిటిలోకీ పాతదైన ససెక్స్‌కు అదే తొలి ట్రోఫీ. ఛాంపియన్‌షిప్ గెలవడానికి ఆ కౌంటీ 2003 దాకా ఆగాల్సి వచ్చింది.

ఇక్కడ మొదటి అభ్యంతరం. జిల్లెట్ కప్‌ను ఆరంభంగా లెక్కించడమే తప్పని కొందరంటారు. కేరళలోని త్రిపుణితురలో 1951 నుంచే ఓవర్ల పరిమితితో పూజా నాకౌట్ టోర్నమెంట్ జరిగింది. దాని వెనక ఉన్న కేలప్పన్ తంపురాన్ పేరు మనవాళ్లు గర్వంగా చెప్పుకోవాల్సిందే. ఇంగ్లండ్ ఉత్తరాది లీగుల్లో మిల్లు కార్మికులు సాయంత్రాలూ శనివారాలూ ఒక్క పూటలో ముగిసే మ్యాచ్‌లు తరాలుగా ఆడుతున్నారు. వెస్టిండీస్ దిగ్గజం లియరీ కాన్‌స్టంటైన్ 1929 నుంచి నెల్సన్ క్లబ్బుకు ఆడి పేరు తెచ్చుకున్నది ఆ క్రికెట్‌లోనే. పెద్దమనుషుల క్రికెట్ చాలా ఆలస్యంగా కళ్లు తెరిచింది. ఈ అభ్యంతరాన్ని నేను పూర్తిగా ఒప్పుకుంటాను. 'మొదటిది' అన్న కిరీటం జిల్లెట్ కప్‌కు అక్కర్లేదు. దాని ప్రాముఖ్యం వేరే చోట ఉంది. దేశంలోని అత్యుత్తమ ఆటగాళ్లు, టెస్టు ఆటగాళ్లతో సహా, ఏటా ఒకే నిబంధనల కింద తలపడటం వల్ల ఆ నిబంధనల బలహీనతలు త్వరగా బయటపడ్డాయి. బయటపడినవాటిని నిర్వాహకులు రెండు మూడేళ్లలోనే దిద్దుకున్నారు. క్లబ్బు స్థాయిలో ఎన్నేళ్లు ఆడినా దొరకని పరీక్ష అది.

రెండో అభ్యంతరం స్పిన్ గురించి, ఇది బలమైనది. తొలి సీజన్ గురించి రాస్తూ విజ్డెన్ వార్షిక గ్రంథం, చాలా కౌంటీలు ఒక్క స్లో బౌలర్‌ను కూడా తీసుకోవడానికి జంకి పేసర్ల మీదే ఆధారపడ్డాయని విమర్శించింది. విమర్శ నిజమే. కానీ అదే సీజన్ ఫైనల్లో గిఫర్డ్, ఓక్‌మన్‌ల అంకెలు పైన చూశాం. జంకు కెప్టెన్లది, నిబంధనలు స్పిన్‌ను తరిమేయలేదు. 1965 ఫైనల్లో జెఫ్రీ బాయ్‌కాట్ 146 కొట్టి సర్రేను చిత్తుచేశాడని అందరికీ గుర్తు. అదే మ్యాచ్‌లో ఆఫ్‌స్పిన్నర్ రే ఇల్లింగ్‌వర్త్ 29 పరుగులకు 5 వికెట్లు తీసిన సంగతి ఎవరూ ఎత్తరు. 1975 ప్రపంచకప్‌లో తూర్పు ఆఫ్రికాపై బిషన్ సింగ్ బేడీ 12 ఓవర్లలో 8 మెయిడెన్లు వేసి 6 పరుగులిచ్చాడు. అదే టోర్నీలో ఇంగ్లండ్ మన మీద 334 కొట్టిన రోజున కూడా, మన ప్రధాన బౌలర్లలో అందరికన్నా పొదుపుగా వేసింది ఆఫ్‌స్పిన్నర్ వెంకటరాఘవన్, 12 ఓవర్లలో 41. అయితే ఇక్కడ నేను ఒక నష్టాన్ని ఒప్పుకోవాలి. స్పిన్నర్ గొప్పతనం ముప్పై ఓవర్ల సుదీర్ఘ స్పెల్‌లో ఉంటుంది. బ్యాట్స్‌మన్‌ను ఊరించి, ఫీల్డరు చోటు ఒకటి ఖాళీగా వదిలి, గంటసేపు ఉచ్చు పన్ని బిగించడం పన్నెండు ఓవర్లలో కుదరదు. ఐదోవంతు నిబంధన ఆ కళకు చోటు తగ్గించింది, స్పిన్నర్‌ను పరుగులు ఆపే పనికి మళ్లించింది. ఫాస్ట్ బౌలర్‌కు కూడా ఇదే నష్టం. ఫ్లావెల్ లాంటివాడు ఎంత చెలరేగినా అతని ఓవర్లు అయిపోతాయి. గొప్ప బౌలర్‌ను ఆపి సామాన్యుడి చేతికి బంతినివ్వడం న్యాయమా అన్న ప్రశ్నకు నా దగ్గర సంపూర్ణమైన జవాబు లేదు. ఒక్కటి మాత్రం చెప్పగలను. ఆ పరిమితి లేకపోతే ఒక్కరోజు క్రికెట్ ఇద్దరు బౌలర్ల ఆటగా మారిపోయేది. చిన్న కౌంటీలు మరింత చిన్నవైపోయేవి.

ఎందుకంటే బౌలింగ్ బలం ఇద్దరి దగ్గరే కాక జట్టంతా పరుచుకోవాల్సి వచ్చినప్పుడు, ఇద్దరు టెస్టు బౌలర్లున్న పెద్ద కౌంటీకి ఉన్న మొగ్గు తగ్గుతుంది. జిల్లెట్ పేరుతో నడిచిన పద్దెనిమిది ఏళ్లలో తొమ్మిది కౌంటీలు కప్పు గెలిచాయి. ససెక్స్ మాత్రమే కాదు, నార్తాంప్టన్‌షైర్ 1976లో, సోమర్‌సెట్ 1979లో తమ చరిత్రలోనే తొలి పెద్ద ట్రోఫీ ఇందులోనే అందుకున్నాయి. 1967లో సోమర్‌సెట్ ఫైనల్‌కు వచ్చినప్పుడు ఆ గ్రామీణ కౌంటీ జనం గడ్డి పరకలు, పంగలకర్రలు పట్టుకుని లార్డ్స్‌కు ఊరేగింపుగా వచ్చారు. 1964 నుంచి చిన్న కౌంటీల జట్లను కూడా పోటీలోకి తీసుకున్నారు. 1973లో హారోగేట్ మైదానంలో డరం జట్టు యార్క్‌షైర్‌ను ఓడించింది. ఫస్ట్ క్లాస్ హోదా లేని కౌంటీ ఆ హోదా ఉన్న కౌంటీని ఈ పోటీలో ఓడించడం అదే మొదలు. ఇదంతా నాకౌట్ పద్ధతిలోని అదృష్టం వల్లేనని ఎవరైనా అనవచ్చు. ఒక్క మ్యాచ్‌కు అదృష్టం చాలు, కానీ 1970 నుంచి వరుసగా మూడేళ్లు కప్పు గెలిచిన లాంకషైర్‌ను ఆ మాట వివరించలేదు. జాక్ బాండ్ నాయకత్వంలో ఆ జట్టు అదృష్టాన్ని నమ్ముకోలేదు. క్లైవ్ లాయిడ్, ఫరూఖ్ ఇంజినీర్ వంటి విదేశీ ఆటగాళ్లతోపాటు బంతీ బ్యాటూ పట్టగలవాళ్లను, చురుకైన ఫీల్డర్లను సమకూర్చుకుంది.

1971 జులై 28న ఓల్డ్ ట్రాఫర్డ్‌లో లాంకషైర్, గ్లౌస్టర్‌షైర్ సెమీఫైనల్ చీకటి పడ్డాక ముగిసిన మ్యాచ్‌గా ప్రసిద్ధి. రాత్రి తొమ్మిది కావస్తుండగా డేవిడ్ హ్యూస్ ఆఫ్‌స్పిన్నర్ జాన్ మార్టిమోర్ వేసిన ఒక్క ఓవర్లో 24 పరుగులు బాది స్కోరు సమం చేశాడు. బీబీసీ వార్తలను ఆపి మరీ మ్యాచ్ చూపించింది. ఈ కథ చెప్పేటప్పుడు అందరూ చీకటినీ, హ్యూస్ ధైర్యాన్నీ తలుచుకుంటారు. నేను గ్లౌస్టర్‌షైర్ కెప్టెన్ టోనీ బ్రౌన్ వైపు నుంచి చూడమంటాను. అయిదు ఓవర్లు మిగిలాయి, 25 పరుగులు కావాలి. మైక్ ప్రాక్టర్ లాంటి మెరుపు వేగం బౌలర్ ఉన్నాడు, కానీ అతనితో అన్ని ఓవర్లూ వేయించలేడు. రెండో వైపు నుంచి ఎవరో ఒకరు వేయాల్సిందే. ఆ 'ఎవరో ఒకరు' ఎవరన్న ఎంపికలోనే ఆ రోజు ఫైనల్ బెర్తు చేజారింది. ఫైనల్లో లాంకషైర్‌ను దాదాపు ఓడించినంత పని చేసింది కెంట్ ఆటగాడు ఆసిఫ్ ఇక్బాల్. హైదరాబాద్‌లో పుట్టి, రంజీలో హైదరాబాద్‌కు ఆడి, తర్వాత పాకిస్తాన్‌కు వెళ్లినవాడు. 89 పరుగుల దగ్గర అతను బలంగా కొట్టిన బంతిని బాండ్ గాల్లోకి ఎగిరి అందుకున్నాడు. కెంట్ కుప్పకూలింది. ఓడిన జట్టులో ఉన్నా మ్యాన్ ఆఫ్ ద మ్యాచ్ ఆసిఫే.

మూడో అభ్యంతరం డబ్బు గురించి. జిల్లెట్ కప్ కౌంటీ క్రికెట్‌ను రక్షించిందా? లేదు. ఛాంపియన్‌షిప్‌కు జనం తిరిగి రాలేదు. కౌంటీలు నాకౌట్ ఇచ్చిన రుచి మరిగి 1969లో ఆదివారాల జాన్ ప్లేయర్ లీగ్, 1972లో బెన్సన్ అండ్ హెడ్జెస్ కప్ మొదలుపెట్టి, ఒకే వేసవిలో నాలుగు రకాల ఆటలు ఇరికించాయి. పాత ఆటకు విశ్రాంతి లేకుండా పోయింది. రక్షణ అన్న మాటతో ఈ కప్పును మెచ్చుకునేవాళ్లతో నేను ఏకీభవించను. కానీ ఆ కొత్త పోటీల నిబంధనలు చూడండి. జాన్ ప్లేయర్ లీగ్‌లో 40 ఓవర్లు, బౌలర్‌కు 8. బెన్సన్ కప్‌లో 55, బౌలర్‌కు 11. మెల్‌బోర్న్‌లో 1971లో ఆడిన మ్యాచ్‌లో ఎనిమిది బంతుల ఓవర్లు 40, బౌలర్‌కు 8. 1975 ప్రపంచకప్‌లో 60, బౌలర్‌కు 12. అంకెలు మారుతూ పోయాయి, నిష్పత్తి మారలేదు. ఆ తర్వాత 50కి 10, ట్వంటీ20లో 20కి 4, చివరికి ఇంగ్లండ్‌లో వంద బంతుల పోటీ పెట్టినప్పుడు బౌలర్‌కు 20 బంతులు. ఇన్నింగ్స్ నిడివి, దుస్తుల రంగు, బంతి రంగు, ఫీల్డింగ్ వలయాలు, అన్నిటినీ మార్చడానికి వెనుకాడని నిర్వాహకులు ఈ ఐదోవంతును మాత్రం ముట్టుకోలేదు. ఆటకు ఒక నియమం ఎంత అవసరమో చెప్పడానికి ఇంతకంటే సాక్ష్యం అక్కర్లేదు.

మన వాళ్లకు ఈ పాఠం ఆలస్యంగా ఒంటబట్టింది. 1975 జూన్ 7న లార్డ్స్‌లో ఇంగ్లండ్ 334కు జవాబుగా సునీల్ గవాస్కర్ 60 ఓవర్లూ ఆడి 36 నాటౌట్‌గా మిగిలాడు. ఆ ఇన్నింగ్స్‌ను ఎగతాళి చేయడం తేలిక. కౌంటీలు పన్నెండేళ్లుగా ఏటా సాధన చేస్తున్న ఆటను, 1973-74లో దేవధర్ ట్రోఫీతో అప్పుడప్పుడే మొదలుపెట్టిన దేశం ఆడుతోందన్నది అసలు సంగతి. ఆ టోర్నీలో న్యూజిలాండ్‌పై 70 పరుగులు కొట్టి, 12 ఓవర్లూ వేసి 2 వికెట్లు తీసినవాడు హైదరాబాదీ సయ్యద్ ఆబిద్ అలీ. ఈ రకం క్రికెట్‌కు కావాల్సిన మనిషి మన దగ్గర అప్పటికే ఉన్నాడు. అలాంటివాళ్లను ఒక జట్టుగా కూర్చడం ఎనిమిదేళ్లకు గాని కుదరలేదు.

1983 ఫైనల్ స్కోరుకార్డును ఐదోవంతు కళ్లతో చూస్తే ఈ వాదన అంతా అందులో ఉంది. వెస్టిండీస్‌కు రాబర్ట్స్, గార్నర్, మార్షల్, హోల్డింగ్ ఉన్నారు. అంతటి నలుగురు ఫాస్ట్ బౌలర్లు ఒకే జట్టులో దొరకడం అరుదు. నలుగురూ కలిసి 42.4 ఓవర్లలో 106 పరుగులు ఇచ్చారు. మిగతా 12 ఓవర్లను లారీ గోమ్స్, వివియన్ రిచర్డ్స్ పంచుకున్నారు. ఆ 12 ఓవర్లలో మన వాళ్లు 57 పరుగులు పిండుకున్నారు. 183 పరుగుల స్కోరులో అది దాదాపు మూడోవంతు. అటు మన జట్టులో ఐదో బౌలర్ వాటాను మొహిందర్ అమర్‌నాథ్, కీర్తి ఆజాద్ పంచుకున్నారు. ఇద్దరూ కలిసి 10 ఓవర్లలో 19 పరుగులిచ్చి 3 వికెట్లు తీశారు, ఆ మూడూ అమర్‌నాథ్‌వే. రెండు జట్ల ఐదో బౌలర్ల మధ్య తేడా 38 పరుగులు. మనం గెలిచింది 43 పరుగులతో. రిచర్డ్స్ క్యాచ్ కోసం వెనక్కి పరుగెత్తిన కపిల్‌దేవ్‌ను ఎవరూ మరవరు, మరవకూడదు కూడా. కానీ వెస్టిండీస్‌కు ఐదో ఫాస్ట్ బౌలర్ అవసరం లేదనుకునేంత బ్యాటింగ్ ధీమా, మనకు తొమ్మిదో నంబర్ దాకా బ్యాటూ బంతీ పట్టగలవాళ్లతో జట్టు కూర్చాల్సిన అవసరం, ఈ రెండూ ఎదురుపడిన చోట ఆ మ్యాచ్ తేలింది. ఆ టోర్నీ 60 ఓవర్లు, బౌలర్‌కు 12 ఓవర్లు అన్న 1966 జిల్లెట్ కప్ కొలతల మీదే జరిగింది. 17 పరుగులకు 5 వికెట్లు పడ్డ స్థితి నుంచి కపిల్ జింబాబ్వేపై 175 కొట్టిన మైదానం, ఇరవై ఏళ్ల కిందట డెక్స్‌టర్ ఫీల్డర్లను దూరంగా పరిచిన టన్‌బ్రిడ్జ్ వెల్స్.

చివరి అభ్యంతరం ఈనాటిది. ఈ నిబంధన అరకొర ఆటగాళ్లను పెంచి పోషించిందని, బ్యాటింగ్‌లో సగం, బౌలింగ్‌లో సగం చేసేవాడికి అర్హతకు మించిన చోటు ఇచ్చిందని. కొంత నిజం. కానీ దానికి మందుగా 2023లో ఐపీఎల్ తెచ్చిన ఇంపాక్ట్ ప్లేయర్ పద్ధతి ఏం చేసిందో చూశాం. బ్యాటింగ్ అయ్యాక ఒక బ్యాట్స్‌మన్‌ను తీసేసి బౌలర్‌ను దింపుకోవచ్చు. ఐదోవంతు కాగితం మీద అలాగే ఉంది, అది కెప్టెన్ ముందు పెట్టిన చిక్కుముడి మాత్రం విడిపోయింది. బ్యాటింగ్‌కూ బౌలింగ్‌కూ మధ్య ఎంచుకోవాల్సిన పని లేదు, పన్నెండో మనిషి ఉన్నాడు. 2024లో సన్‌రైజర్స్ హైదరాబాద్ ముంబైపై 277, బెంగళూరుపై 287 కొట్టినప్పుడు ఉప్పల్‌లోనూ టీవీల ముందూ మనమంతా పొంగిపోయాం. ఆ బ్యాట్స్‌మెన్ ప్రతిభను తగ్గించను. కానీ వికెట్ పడితే వెనక మరొకడున్నాడన్న భరోసా ఆ స్కోర్లలో ఉంది. ఆల్‌రౌండర్లు ఎదగడానికి ఈ పద్ధతి అడ్డమని ఆ ఏడాదే రోహిత్ శర్మ బహిరంగంగా చెప్పాడు. విశాఖపట్నం నుంచి వచ్చిన నితీశ్ కుమార్ రెడ్డి వంటి కుర్రాడికి బ్యాట్ ఇచ్చి, బంతి వేరేవాడికి ఇచ్చే వీలు ఉన్నంతకాలం అతని బౌలింగ్ ఎవరు పెంచుతారు? భారత క్రికెట్ బోర్డు ఈ పద్ధతిని 2024లో సయ్యద్ ముస్తాక్ అలీ ట్రోఫీ నుంచి తీసేసింది, ఐపీఎల్‌లో మాత్రం 2027 వరకు ఉంచుతామంది. దేశవాళీ క్రికెట్‌కు పనికిరాదని తానే తేల్చినదాన్ని ఆ గడువు ముగిశాక ఐపీఎల్‌లోనూ పొడిగించవద్దని బోర్డును కోరుతున్నాను.